రోజంతా పనే, ఏదీ తెమలదు: లోపం ఎక్కడుంది, ఎలా సరిచేసుకోవాలి

మీరు అడిగింది ఇది: పొద్దున సీట్లో కూర్చున్నప్పటి నుంచి సాయంత్రం లేచేదాకా తల ఎత్తే తీరిక ఉండదు. ఎవరు ఏది అడిగినా వెంటనే జవాబిస్తారు. అయినా మూడు నెలలకోసారి జరిగే సమీక్షలో "ఈ మూడు నెలల్లో ఏం చేశారు" అంటే నాలుగు వాక్యాలు చెప్పలేకపోతున్నారు. ఇంకా వేగంగా పని చేయడం నేర్చుకోవాలా, టైమ్ మేనేజ్‌మెంట్ కోర్సు ఏదైనా చేయాలా అన్నారు.

రెండూ ఇప్పుడు వద్దు. ఒకేసారి తెరిచి పెట్టుకున్న పనులు ఎక్కువైనప్పుడు, వాటిలో ఏది ఎప్పుడు అయినట్టో ఎక్కడా రాసి లేనప్పుడు సరిగ్గా మీరు చెప్పిన లక్షణాలే కనిపిస్తాయి. ఆ స్థితిలో వేగం పెంచితే ఇంకో నాలుగు పనులు వచ్చి మీద పడతాయి. గానుగెద్దు ఎంత గబగబా నడిచినా ఉండేది గానుగ చుట్టూనే కదా.

ముందు మూడు విషయాలు విడదీసి చూడండి: కదలిక, తెమలడం, ఫలితం. వినియోగదారుల ఫిర్యాదులు చూసే ఉద్యోగం అనుకుందాం. "డబ్బు వాపసు ఎప్పుడొస్తుంది" అని వారానికి 40 మెయిల్స్ వస్తే 40కీ జవాబివ్వడం కదలిక. వాపసు ఏ దశలో ఉందో వాళ్లే చూసుకునేలా ఒక పేజీ తయారుచేసి పెట్టడం తెమలడం. ఆ పేజీ పెట్టాక ఆ రకం మెయిల్స్ 40 నుంచి 15కి తగ్గితే అది ఫలితం. పేజీ పెట్టినా మెయిల్స్ 40 దగ్గరే ఉన్నాయంటే పని తెమిలింది గానీ ఫలితం రాలేదు. పేజీ ఎవరికీ కనపడే చోట లేకపోవచ్చు, లేదా వాళ్ల అసలు అనుమానం వేరే అయివుండవచ్చు. సమీక్షలో చెప్పడానికి ఏమీ లేదంటే సాధారణంగా రోజంతా మొదటి దాంట్లోనే గడిచిపోయి ఉంటుంది.

ఇక్కడ ఒక మినహాయింపు స్పష్టంగా చెప్పాలి. కొన్ని ఉద్యోగాల్లో అందుబాటులో ఉండటమే పని. అత్యవసర విభాగంలో నర్సు, కంట్రోల్ రూమ్‌లో డ్యూటీ చేసేవారు, సర్వర్ పడిపోతే లేపాల్సినవారు, వీళ్ల దగ్గర 'వెంటనే స్పందించడం' కదలిక కిందికి రాదు, అదే ఫలితం. మీ ఉద్యోగంలో ఎంత భాగం అలాంటిదో ముందు తేల్చుకోండి. దాన్ని తగ్గించబోతే దెబ్బతింటారు.

తర్వాత ఐదు పనిదినాల లెక్క రాయండి. యాప్ అక్కర్లేదు, ఒక నోటుపుస్తకం చాలు. నాలుగు గళ్లు గీయండి: సమయం, ఏం చేస్తున్నాను, ఎవరు అడిగారు, దీనివల్ల ఎవరికి ఏం మారింది. పావుగంటకోసారి రాయాలని పెట్టుకోవద్దు, రెండో రోజుకే మానేస్తారు. పని మారిన ప్రతిసారీ ఒక లైను రాస్తే సరిపోతుంది. ఒక పూట ఇలా ఉంటుంది:

10:05 – స్టాకు రిపోర్టు – మేనేజర్ – ఇంకా లేదు
10:20 – చాట్‌లో ప్రశ్న, పాత ఫైలు వెతికి పంపాను – పక్క టీమ్ – వాళ్ల పని కదిలింది
10:40 – స్టాకు రిపోర్టు, ఎక్కడ ఆపానో వెతుక్కున్నాను – మేనేజర్ – ఇంకా లేదు
10:55 – మెయిల్స్, ఆరు చదివాను, రెండింటికి జవాబు – ఎవరూ అడగలేదు – తెలీదు
11:30 – మీటింగ్, నా విషయం రాలేదు – పిలిచారు – ఏమీ లేదు
12:30 – స్టాకు రిపోర్టు, మళ్లీ మొదటి నుంచి – మేనేజర్ – ఇంకా లేదు

ఈ ఆరు లైన్లలో వృథా అనదగ్గది మీటింగ్ ఒక్కటే అనిపిస్తుంది. స్టాకు రిపోర్టు వైపు చూడండి. రెండున్నర గంటల్లో దాన్ని మూడుసార్లు మొదలుపెట్టారు, చివరిసారి వెనక్కి వెళ్లి మొదటి నుంచి చూసుకోవాల్సి వచ్చింది. ఇలా మొదలుపెట్టి వదిలిన పనుల సంఖ్య లెక్కపెట్టడానికే ఈ ఐదు రోజుల లెక్క. ఇందులో జరిగే పొరపాట్లు మూడు. సాయంత్రం కూర్చుని గుర్తు తెచ్చుకుని రాయడం ఒకటి, అప్పుడు పెద్ద పనులే గుర్తుంటాయి, మధ్యలో తెగిన ముక్కలు కనపడవు. 'మెయిల్' అనో 'మీటింగ్' అనో ఒక్కమాట రాసి ఊరుకోవడం రెండోది, ఏ విషయం మీదో రాయకపోతే తర్వాత దేనికీ పనికిరాదు. రాస్తున్నాం కదా అని ఆ వారమే అలవాట్లు మార్చేయడం మూడోది. ఉన్నది ఉన్నట్టు రానివ్వండి.

ఇప్పుడు నేను అన్నిటికంటే ముఖ్యం అనుకునే విషయం, తెరిచి ఉన్న పనుల సంఖ్య. దీనికి గణితం ఉంది. 1961లో అమెరికా పరిశోధకుడు జాన్ లిటిల్ నిరూపించిన ఒక సంబంధం క్యూలు ఉన్న ప్రతిచోటా వర్తిస్తుంది: చేతిలో ఉన్న పనుల సగటు సంఖ్యను, వారానికి తెమిలే సంఖ్యతో భాగిస్తే, ఒక పని మొదలై పూర్తయ్యేదాకా పట్టే సగటు కాలం వస్తుంది. మీ దగ్గర 12 పనులు తెరిచి ఉండి వారానికి 3 తెములుతుంటే ఒక్కోదానికి 4 వారాలు. తెమిలే వేగం ఏమాత్రం పెరగకపోయినా, తెరిచినవాటిని 6కి తగ్గిస్తే ఒక్కోదానికి 2 వారాలు. మీ గురించి "ఇచ్చిన పని ఎప్పుడొస్తుందో తెలీదు" అన్న పేరు మారడానికి ఆ ఒక్క మార్పు చాలు. ఈ లెక్క దీర్ఘకాలం మీద సగటుకు వర్తిస్తుంది, ఒక్క వారం చూసి నిరాశపడకండి.

నమ్మకం కుదరకపోతే చిన్న లెక్క వేసి చూడండి. ఒక్కోటి మూడు రోజులు పట్టే మూడు పనులు ఉన్నాయి. ముగ్గురినీ సంతోషపెడదామని రోజుకొకటి చొప్పున మార్చిమార్చి చేస్తే అవి 7వ రోజున, 8వ రోజున, 9వ రోజున పూర్తవుతాయి. ఒకటి అయ్యాకే ఇంకోటి ముట్టుకుంటే 3వ రోజున, 6వ రోజున, 9వ రోజున. చివరి మనిషికి ఏ నష్టమూ లేదు, మొదటి మనిషికి నాలుగు రోజులు, రెండో మనిషికి రెండు రోజులు ముందుగా అందుతుంది. పని మార్చడానికి క్షణం కూడా ఖర్చు కాదనుకుని వేసిన లెక్క ఇది.

నిజానికి ఖర్చవుతుంది. ఒక పనిని సగంలో వదిలి ఇంకోదానికి వెళ్తే మనసులో కొంత భాగం పాతదాని దగ్గరే ఉండిపోతుందని, కొత్తదాని మీద పనితనం తగ్గుతుందని పరిశోధకురాలు సోఫీ లెరాయ్ 2009లో ప్రచురించిన ప్రయోగాల్లో తేలింది. అంతకు ముందు ఏడాది గ్లోరియా మార్క్ బృందం చేసిన ప్రయోగంలో ఇంకో ఆసక్తికరమైన విషయం బయటపడింది. మధ్యమధ్యలో అంతరాయం కలిగినవాళ్లు ఆ నష్టాన్ని పూడ్చుకోవడానికి తొందరపడి, పనిని తక్కువ సమయంలోనే ముగించారు, కానీ ఒత్తిడీ చిరాకూ పెరిగాయి. ఊపిరి సలపనంత పని చేశామన్న భావన ఎక్కడి నుంచి వస్తుందో ఇది కొంత చెబుతుంది. అలసట నిజమే, తొందరా నిజమే. వాటిని బట్టి పని ఎంత తెమిలిందో అంచనా వేయలేం.

కాబట్టి హద్దు పెట్టుకోండి. ఒంటరిగా చేసే పనుల్లో ఏ సమయంలోనైనా రెండే తెరిచి ఉండాలి: ఒకటి ప్రధానమైనది, ఇంకోటి అది ఎవరి జవాబు కోసమో ఆగినప్పుడు పట్టుకునేది. పది పదిహేను నిమిషాల్లో అయిపోయే చిల్లర పనులన్నీ ఒక జాబితాలో వేసి, రోజుకు ఒకే దఫాగా గంటలోపు తీసేయండి. మిగతావన్నీ 'ఇంకా మొదలుపెట్టనివి'. వాటిని ముట్టుకోకండి, ఫైలు తెరిచి ఓ చూపు చూడటం కూడా మొదలుపెట్టడం కిందే లెక్క.

ఇతరుల దగ్గర ఆగినవాటికి వేరే జాబితా కావాలి. ప్రతి లైనులో నాలుగు ఉండాలి: ఎవరి దగ్గర ఆగింది, ఏం కావాలి, ఎప్పుడు అడిగాం, మళ్లీ ఏ తేదీన అడగాలి. ఈ చివరి తేదీ లేకపోతే 'వాళ్ల దగ్గర ఆగింది' అన్న మాట దాక్కోవడానికి మంచి చోటైపోతుంది. రెండుసార్లు గుర్తుచేసినా కదలకపోతే మూడోసారి అదే మెయిల్ పంపకండి, దారి మార్చండి. ఫోన్ చేయండి, లేదా వెళ్లి కలవండి. నిర్ణయం మీ పరిధిలో ఉన్నదైతే ఇలా రాయవచ్చు: "గురువారం సాయంత్రం లోపు మీ మార్పులు అందకపోతే ఈ రూపంలోనే పంపుతున్నాను." మీ పరిధిలో లేని విషయాల్లో, డబ్బు చెల్లింపుల్లో, ఒప్పందాల్లో ఈ వాక్యం వాడకూడదు.

క్యాలెండర్ నిండుగా ఉంటే బాగా పని చేస్తున్నట్టు అనిపిస్తుంది. క్యూల లెక్క దీన్ని ఒప్పుకోదు. పనులు ఎప్పుడంటే అప్పుడు వచ్చిపడుతుంటే, ఒక్కోటి సగటున గంట పడుతుంటే, సరళమైన క్యూ నమూనాలో కొత్తగా వచ్చిన పని తన వంతు కోసం ఆగే సగటు సమయం ఇలా ఉంటుంది: మీ సమయంలో 50 శాతం నిండి ఉంటే గంట, 80 శాతానికి 4 గంటలు, 90కి 9 గంటలు, 95కి 19 గంటలు. ఎనభై నుంచి తొంభై అయిదుకు జరిపితే పని దాదాపు 19 శాతం ఎక్కువ చేసినట్టు కనిపిస్తుంది, ఎదురుచూపు మాత్రం దాదాపు అయిదింతలవుతుంది. ఎనిమిది గంటల రోజులో గంటన్నర ఖాళీగా, దేనికీ కేటాయించకుండా వదలమని నేను చెప్పేది ఇందుకే. అనుకోని పని వస్తే అందులో పడుతుంది, రాకపోతే ప్రధానమైన పని ముందుకు జరుగుతుంది. ఒకే సైజు పని, ఒకే వేగంతో వచ్చే చోట ఇంత ఖాళీ అవసరం ఉండదు. ఆఫీసు పని అలా రాదు.

ఇక 'అయినట్టు' అన్నది రాసుకోవడం. పని ఒప్పుకునే ముందే ఒక వాక్యం రాయండి. అందులో ఎవరు, ఏ తేదీ నాటికి, ఏం చేయగలగాలి, అది జరిగిందని మనకెలా తెలుస్తుంది, ఈ నాలుగూ ఉండాలి. "సరఫరాదారుల డేటా సరిచేయడం" అని రాస్తే అది ఏడాది పొడుగునా నడుస్తుంది. "15వ తేదీ నాటికి, ఏ సరఫరాదారుకు ఎంత బాకీ ఉందో అకౌంట్స్ వాళ్లు మమ్మల్ని అడక్కుండా ఒకే షీటులో చూసుకోగలగాలి, ఆ తర్వాత రెండు వారాలు ఆ విషయమై మాకు ఫోను రాకూడదు" అని రాస్తే ఎక్కడ ఆపాలో తెలుస్తుంది. రెండో వాక్యం రాసేటప్పుడే సగం అనవసరపు పని రాలిపోతుంది. ఉదాహరణకు, అయిదేళ్ల కిందటి మూసేసిన ఖాతాలు సరిచేయనక్కర్లేదని ఆ వాక్యమే చెబుతోంది.

కొలత పెట్టగానే దానికి వచ్చే జబ్బు కూడా వస్తుంది. ఆర్థికవేత్త చార్ల్స్ గుడ్‌హార్ట్ 1975లో ద్రవ్య విధానం గురించి ఎత్తిచూపిన విషయం ఇదే: ఒక అంకెను లక్ష్యం చేసుకుని దానిమీద ఒత్తిడి పెడితే, ఆ అంకెకు అంతకు ముందున్న అర్థం చెదిరిపోతుంది. పై ఉదాహరణలో ఫోన్లు తగ్గడానికి సులువైన దారి ఫోను ఎత్తకపోవడమే. అందుకని ప్రతి కొలతకూ ఎదురు కొలత ఒకటి జతచేయండి. మూసిన ఫిర్యాదుల సంఖ్య చూస్తే, మళ్లీ తెరుచుకున్నవాటి సంఖ్యా చూడాలి. ఎంత త్వరగా పంపామో చూస్తే, తప్పులని తిరిగొచ్చినవి ఎన్నో కూడా చూడాలి. రెండు చాలు. అయిదు పెట్టుకుంటే కొలవడమే ఒక పనైపోతుంది.

ప్రతి వారం వెళ్లే రిపోర్టుల సంగతి. ఎవరు చదువుతున్నారో తెలియని రిపోర్టును చెప్పకుండా ఆపేసి ఎవరైనా అడుగుతారేమో చూడమని కొందరు సలహా ఇస్తారు. అది నాకు నచ్చదు. నమ్మకం పోతే మళ్లీ రావడం కష్టం. పైగా చట్టం, ఆడిట్, భద్రత, జీతాలకు సంబంధించినవి అలా ఆపితే పెద్ద తప్పు. మీ పై అధికారికి చెప్పి, రిపోర్టు మొదటి లైనులోనే రాయండి: "వచ్చే నెల నుంచి ఈ రిపోర్టు ఆపుతున్నాం. మీరు దీన్ని వాడుతుంటే ఏ గడిలోని అంకె కావాలో 25వ తేదీలోగా తెలపండి." తరచుగా వచ్చే జవాబు 'ఆ రెండు అంకెలు చాలు' అన్నదే. ఇరవై గళ్ల రిపోర్టు రెండు గళ్లకు వస్తుంది.

ప్రధానమైన పనికి రోజులో 90 నిమిషాల ముక్క ఒకటి, కుదిరితే రెండు, మీ బుర్ర చురుగ్గా ఉండే వేళలో పెట్టుకోండి. ఆ సమయంలో చేయాల్సిన మొదటి చర్య ముందురోజు సాయంత్రమే రాసిపెట్టాలి. "రిపోర్టు మీద పని" అని రాస్తే మర్నాడు పావుగంట ఆలోచనకే పోతుంది. "రెండో భాగంలో పట్టికకు మార్చి నెల అంకెలు ఎక్కించి, గోదాము లెక్కతో సరిచూడటం" అని రాస్తే కూర్చోగానే చెయ్యి కదులుతుంది. దీనికి ఇంకో లాభం ఉంది. పూర్తికాని లక్ష్యానికి స్పష్టమైన పథకం రాసుకుంటే చాలు, పని పూర్తికాకపోయినా అది మాటిమాటికీ బుర్రలోకి రావడం తగ్గుతుందని మనస్తత్వ శాస్త్రవేత్తలు మాసికాంపో, బామీస్టర్ 2011లో చూపించారు. సాయంత్రం ఇంటికెళ్లాక కూడా పని తలలో తిరగడం ఆగుతుంది.

మెయిల్ రోజుకు మూడుసార్లు చాలు. మీ చోట కుదరకపోతే గంటకోసారి. నోటిఫికేషన్లు మాత్రం ఆపేయండి.

ముఖ్యమైన పనిని పక్కన పెట్టి గడువు దగ్గరపడ్డ చిన్న పనులవైపు పోవడం మీ ఒక్కరి బలహీనత కాదు. 2018లో వచ్చిన ఒక పరిశోధనలో, తక్కువ లాభం వచ్చే పనికి దగ్గర గడువు పెడితే, ఎక్కువ లాభం వచ్చేదాన్ని వదిలి జనం దానివైపు మొగ్గారు. అందుకని ముఖ్యమైన పనికి దగ్గర గడువు మీరే కల్పించాలి. సొంతంగా ఒక తేదీ వేసుకుంటే నిలవదు, ఎందుకంటే ఆ రోజు ఎవరూ ఎదురుచూడటం లేదు. దాన్ని వాడబోయే మనిషితో వచ్చే బుధవారం అరగంట అడిగి తీసుకోండి, సగం అయిన రూపం చూపిస్తానని చెప్పండి. రెండు వారాలకు మించిన ప్రతి పనికీ ఇలాంటి మజిలీ ఒకటి ఉండాలి. తప్పు దారిలో వెళ్తున్నా మజిలీ దగ్గరే తెలిసిపోతుంది.

తేదీలు ఇచ్చేటప్పుడు ఊహించి చెప్పకండి. 1994లో మనస్తత్వ శాస్త్రవేత్తలు బ్యూలర్, గ్రిఫిన్, రాస్ చేసిన అధ్యయనంలో విద్యార్థులు తమ థీసిస్ సగటున 33.9 రోజుల్లో అవుతుందన్నారు, నిజంగా పట్టింది 55.5 రోజులు. విరుగుడు సులువు. అలాంటివే ఇదివరకు చేసిన మూడు పనులు నిజంగా ఎన్ని రోజులు పట్టాయో చూసి, మధ్యలో ఉన్న అంకె చెప్పండి. "ఈసారి అలా జరగదులే" అన్న ఆలోచన మనసులోకి వచ్చినా అంకె తగ్గించకండి.

ఇవన్నీ మీ చేతిలో ఉన్నవి. పై అధికారి కొత్త పని తెచ్చి పడేస్తుంటే హద్దు నిలబడదు, చాలామందికి ఇక్కడే తప్పుతుంది. "కుదరదు సార్" అన్నా చెడింది, "సరే సార్" అన్నా చెడింది. జాబితా ముందు పెట్టి అడగండి: "ఇప్పుడు నా దగ్గర స్టాకు లెక్క, సరఫరాదారుల షీటు నడుస్తున్నాయి సార్. ఇది ముందు పట్టుకుంటే స్టాకు లెక్క 18 నుంచి 23కి జరుగుతుంది. ఏది ముందు కావాలంటారు?" ఆయన "రెండూ కావాలి" అంటారు. అప్పుడు "రెండూ చేస్తాను సార్, మీ చేతికి మొదట ఏది కావాలి?" అని అడగండి. ఏం తేలినా ఆ సాయంత్రమే ఒక్క లైను మెయిల్ పెట్టండి. గొంతులో ఫిర్యాదు వినపడకూడదు, తేదీలు నిజమైనవై ఉండాలి. ప్రతి చిన్నపనికీ ఇలా అడిగితే విసుక్కుంటారు కాబట్టి, ఒక రోజుకు మించి పట్టేవాటికే ఇది వాడండి.

మీ ఆఫీసులో ఎవరు ఎంత ఆలస్యంగా ఇంటికెళ్తున్నారో, ఎంత త్వరగా చాట్‌లో జవాబిస్తున్నారో చూసి విలువ కడుతుంటే, పద్ధతి మార్చిన మొదటి నెలలో మీరు తక్కువ పని చేస్తున్నట్టు కనిపించవచ్చు. దీనికి శుక్రవారం అయిదు లైన్ల నోటు పంపండి. ఏది తెమిలింది, దాన్ని ఎవరు వాడుతున్నారు, ఏది ఎవరి దగ్గర ఆగింది, ఏ తేదీ మారింది, వచ్చే వారం ఏది చేతికొస్తుంది. ఎన్ని మీటింగులకు వెళ్లారో, ఎన్ని మెయిల్స్ పంపారో అందులో రాయకండి. పన్నెండు వారాల నోట్లు ఒకచోట పెడితే మీ సమీక్షకు కావలసినదంతా తేదీలతో సహా అందులోనే ఉంటుంది.

మొదలుపెట్టడానికి ముందు ఇప్పుడున్న మూట విప్పాలి. తెరిచి ఉన్నవన్నీ, మాట ఇచ్చి మరిచిపోయినవి కూడా, ఒక కాగితం మీదికి తీయండి. వారంలో ముగిసిపోయేవి ముగించండి. మీరు చేయలేనివి ఇచ్చినవాళ్లకే మాట చెప్పి తిరిగి అప్పగించండి. ఎవరికీ అక్కర్లేనివి, అడిగినవాళ్లకు ఒక లైను రాసి కొట్టేయండి. ఈ రెండు మూడు వారాలు మామూలుకంటే ఎక్కువ ఇబ్బందిగా ఉంటుంది, ఎందుకంటే ఇన్నాళ్లూ వాయిదా వేసిన కష్టమైన సంభాషణలన్నీ ఒకేసారి వస్తాయి.

ఆ తర్వాత ప్రతి శుక్రవారం మూడు అంకెలు రాసుకోండి: ఎన్ని తెరిచి ఉన్నాయి, ఆ వారం ఎన్ని తెమిలాయి, తెరిచినవాటిలో అన్నిటికంటే పాతదానికి ఎన్ని రోజులు. మొదటి రెండూ బాగుపడుతూ మూడోది మాత్రం పెరుగుతూ పోతుంటే, సులువైనవి ఏరుకుని చేస్తున్నారని అర్థం. సోమవారం పొద్దున మొదటి 90 నిమిషాల ముక్క ఆ పాతదానికి ఇవ్వండి.